మార్కస్ ఆరీలియస్ ఒకే మాటను పదేపదే ఎందుకు రాసుకున్నాడు? పియేర్ హాదో వెతికిన జవాబు

రోమ్ చక్రవర్తి కట్టుకునే వస్త్రం ఊదా రంగులో ఉండేది. ఆ రంగు తీయడానికి సముద్రపు నత్తలను వేలకు వేలు చంపాలి. మామూలు మనిషికి అది అందే రంగు కాదు. దాన్ని ఒంటి మీద వేసుకున్న రెండో శతాబ్దపు చక్రవర్తి మార్కస్ ఆరీలియస్, తన కోసం రాసుకున్న పుస్తకంలో దాని గురించి ఏం రాసుకున్నాడో చూడండి: ఇది గొర్రె ఉన్ని, నత్త నెత్తురులో ముంచినది. పళ్లెంలోని వంటకాలనూ ఆయన అలాగే చూశాడు. ఇది చచ్చిన చేప, ఇది చచ్చిన పక్షి, ఇది చచ్చిన పంది. ఎంతో పేరున్న ఫలెర్నియన్ ద్రాక్షసారా అయితే, పిండిన ద్రాక్షపళ్ల రసం, అంతే.

ఆయన స్టోయిక్ అనే గ్రీకు తత్వశాఖకు చెందినవాడు. ఈ మాటలు ఇప్పుడు స్టోయిక్ సూక్తులన్న పేరుతో తెలుగు ఫోన్లలో కూడా తిరుగుతున్నాయి. ఒక్కొక్కటిగా చదివితే బాగానే ఉంటాయి. మొత్తం పుస్తకాన్ని ఒక్క బిగిన చదవడానికి కూర్చుంటే మాత్రం చిక్కు మొదలవుతుంది. చెప్పిందే మళ్లీ చెబుతాడు. చావు గురించి చెప్పి, రెండు పేజీలు తిప్పాక మళ్లీ చావు గురించే చెబుతాడు. ఒకచోట లోకమంతా దైవబుద్ధితో నడుస్తోందంటాడు, ఇంకొకచోట అణువులే అయితే మాత్రం ఏమిటంటాడు. వరస లేదు, అధ్యాయాలకు పొందిక లేదు. మొదట చదివినప్పుడు ఈ మనిషికి దిగులు జబ్బేమో అనిపించింది నాకు.

పండితులు కూడా అలాగే అనుకున్నారు. 1954లో ఇద్దరు ఫ్రెంచివాళ్లు చక్రవర్తికి కడుపులో పుండు ఉందనీ, ఆ నిరాశంతా దాని వల్లేననీ రాశారు. 1961లో ఒక అమెరికన్ చరిత్రకారుడు నల్లమందు అలవాటే కారణమన్నాడు. పుస్తకం చదివి రోగం కనిపెట్టే ఈ పద్ధతిని ఫ్రెంచి తత్వవేత్త పియేర్ హాదో గట్టిగా ఖండించాడు. 1992లో వచ్చిన తన పుస్తకంలో, చక్రవర్తి రాసిన పద్ధతి ఏమిటో విడమరిచి చెప్పాడు. అది డైరీ కాదు, మనసులోని బాధ వెళ్లగక్కుకోవడమూ కాదు. అది రోజువారీ సాధన.

సంగీతం నేర్చుకునే పిల్ల తెల్లవారుజామున లేచి సరళీ స్వరాలు పాడుతుంటే, నిన్న పాడిందే మళ్లీ పాడుతున్నావేమని ఎవరూ అడగరు. హాదో చెప్పిన విషయం ఇంత సులువుగా అర్థమవుతుంది. ఆయన ఇక్కడికి వచ్చిన దారి మాత్రం అంత సులువైనది కాదు. ఇవాళ హాదో పేరు తలచుకునేవాళ్లలో చాలామందికి ఆయన 'తత్వశాస్త్రం అంటే బతికే తీరు' అని చెప్పిన మనిషిగానే తెలుసు. ఆయన జీవితంలో సుమారు ఇరవై ఏళ్లు మింగేసిన పని వేరే. నాలుగో శతాబ్దానికి చెందిన ఒక లాటిన్ రచయితను, ఆయన కొరుకుడుపడని గ్రంథాలను పట్టుకుని కూర్చున్నాడు. ఈ లాటిన్ పని లేకపోతే బతికే తీరు గురించిన ఆ ఆలోచన పుట్టేది కాదు. ఈ వ్యాసమంతా ఆ ముడి గురించే.

హాదో 1922లో పారిస్‌లో పుట్టి, రాన్స్ నగరంలో పెరిగాడు. తల్లికి దైవభక్తి చాలా ఎక్కువ. ముగ్గురు కొడుకులూ ఫాదరీలు కావాలని ఆమె కోరిక. అన్నలిద్దరూ అయ్యారు. చిన్నవాణ్ణి పదేళ్ల వయసులోనే సెమినరీలో, అంటే ఫాదరీలను తయారుచేసే బడిలో వేశారు. ఆ రోజుల్లో ఒక రాత్రి సెమినరీ నుంచి ఇంటికి నడిచి వస్తుంటే నెత్తిన ఆకాశం నిండా నక్షత్రాలు. తాను ఇక్కడ ఉండటం, ఈ లోకమనేది ఒకటి ఉండటం, ఆ లోకంలో తానూ ఒక భాగం కావడం ఒక్కసారిగా మీద పడ్డట్టయింది. భయం, ఆనందం రెండూ కలిసి వచ్చాయి. సెమినరీలో నేర్పిన మతానికీ ఈ అనుభవానికీ సంబంధం ఉన్నట్టు ఆ కుర్రాడికి తోచలేదు. తత్వశాస్త్రం తనలో మొదలైంది ఆ రాత్రేనని ముసలితనంలో చెప్పుకున్నాడు.

ఆ అనుభవానికి ఆయన తర్వాత వాడిన పేరు 'సాగర భావన'. ఆ పేరు ఫ్రెంచి రచయిత రొమా రొలా పెట్టింది. 1927లో ఫ్రాయిడ్‌కు రాసిన ఉత్తరంలో రొలా ఆ మాట వాడాడు. అది రామకృష్ణ పరమహంస జీవితం మీద ఆయన పనిచేస్తున్న కాలం.

1944లో హాదో ఫాదరీగా దీక్ష తీసుకున్నాడు. 1950లో పోప్ ఒక లేఖ వెలువరించి ఆధునిక ఆలోచనలకు గట్టిగా అడ్డుగీత గీశాడు. అప్పటికే సందేహాల్లో ఉన్న హాదోకు అది పెద్ద దెబ్బ. 1952లో చర్చిని వదిలేశాడు, మరుసటి ఏడాది పెళ్లి చేసుకున్నాడు. దీన్ని ఇక్కడ ఎందుకు చెబుతున్నానంటే, ఆధ్యాత్మిక సాధన అనే మాటను ఆయన పుస్తకాల్లోంచి ఎత్తి తెచ్చుకోలేదు. రోజూ ఆత్మపరీక్ష చేసుకోవడం, ఒక వాక్యాన్ని మనసులో మళ్లీ మళ్లీ తిప్పుకోవడం, చావును తలచుకోవడం అంటే ఏమిటో చిన్నప్పటి నుంచీ చేసి చూసినవాడు. ఆ తర్వాత అదే రకం పనులు గ్రీకు పుస్తకాల్లో కనిపిస్తే గుర్తుపట్టగలిగాడు.

చర్చిని వదలడానికి కొన్నేళ్ల ముందే పరిశోధనకు విషయం ఎంచుకోవాల్సి వచ్చింది. ఎదురుగా రెండు దారులు. ఒకటి జర్మన్ కవి రిల్కే, తత్వవేత్త హైడెగర్. ఆ రోజుల్లో పారిస్‌లో అందరి నోటా నానుతున్న విషయం అది. రెండోది పోల్ ఆన్రీ అనే జెస్యూట్ పండితుడు సూచించిన మారియస్ విక్టరీనస్. హాదో రెండోదే తీసుకున్నాడు.

విక్టరీనస్ ఎవరు? ఆఫ్రికా నుంచి రోమ్‌కు వచ్చి అలంకారశాస్త్రం చెప్పిన గురువు. ఆయన పేరెంత గొప్పదంటే బతికుండగానే నగరం నడిబొడ్డున విగ్రహం పెట్టారు. ముసలితనంలో క్రైస్తవుడయ్యాడు. తర్వాతి తరం క్రైస్తవ తత్వవేత్త అగస్టీన్ తన ఆత్మకథలో ఆ ముచ్చట చెబుతాడు. విక్టరీనస్ తన మిత్రుడు సింప్లికియానుస్‌తో, నేను లోలోపల క్రైస్తవుణ్ణే అనేవాడట. నిన్ను చర్చిలో చూస్తే గానీ నమ్మను అని మిత్రుడి జవాబు. 'అయితే క్రైస్తవుణ్ణి చేసేవి గోడలా?' అని విక్టరీనస్ నవ్వేవాడు. చివరికి ఒకరోజు పద చర్చికి పోదాం అని తానే లేచాడు. అందరి ముందూ విశ్వాసం ప్రకటించాడు. 362లో జూలియన్ చక్రవర్తి క్రైస్తవులు పాఠాలు చెప్పకూడదని ఆజ్ఞ వేస్తే, బడిని వదులుకున్నాడు కానీ మతాన్ని వదులుకోలేదు. 'ప్లేటోవాదుల గ్రంథాలను' లాటిన్‌లోకి తెచ్చింది ఈయనే. అగస్టీన్ జీవితాన్ని మలుపు తిప్పిన గ్రంథాల్లో అవీ ఉన్నాయి.

ఇంతవరకూ కథ. విక్టరీనస్ రాసిన మతగ్రంథాల దగ్గరకు వస్తే అడుగు ముందుకు పడదు. తండ్రి, కొడుకు, పవిత్రాత్మ ముగ్గురూ ఒకే తత్వమని నిరూపించడానికి ఆయన గ్రీకు తత్వశాస్త్రం నుంచి ముడిసరుకు తెచ్చుకున్నాడు. ఎక్కడి నుంచి తెచ్చాడో చెప్పలేదు. 'ఉండటం', 'జీవించడం', 'ఎరగడం' అనే మూడు మాటలు తిరగేసి బోర్లేసి వాడుతూ, లాటిన్‌లో అప్పటిదాకా లేని పదాలు పుట్టిస్తూ పోతాడు. ఆ గ్రంథాలను పోల్ ఆన్రీ పరిష్కరించగా, హాదో ఫ్రెంచిలోకి అనువదించి, పీఠిక, వ్యాఖ్య రాశాడు. 1960లో అచ్చయ్యాయి. పాఠాంతరాలు పోల్చడం, ఒక్కొక్క పదం ఏ గ్రీకు పదానికి బదులుగా వచ్చిందో వెతకడం. తాళపత్ర ప్రతులు ముందేసుకుని కూర్చునే మన పరిష్కర్తలు చేసే పని కూడా ఇదే. ఓపిక తప్ప దగ్గరదారి ఉండదు.

ఆ వెతుకులాట ఆయన్ని ట్యూరిన్ నగరంలోని ఒక తోలు పుస్తకం దాకా తీసుకెళ్లింది. పాత రాతను చెరిపేసి, దాని మీద కొత్త రాత రాసిన పుస్తకం అది. చెరిపేసిన రాతలో, ప్లేటో రాసిన 'పార్మెనిడీస్' సంభాషణ మీద పేరు తెలియని ఒకాయన గ్రీకు వ్యాఖ్యానం తునకలుగా మిగిలింది. 1892లో విల్‌హెల్మ్ క్రోల్ దాన్ని చదివి అచ్చు వేశాడు. 1904లో ట్యూరిన్ గ్రంథాలయం తగలబడి ఆ తోలు పత్రాలు బూడిదయ్యాయి. ఇక మిగిలింది క్రోల్ అచ్చు పాఠమే. హాదో ఆ తునకలనూ విక్టరీనస్ వాక్యాలనూ పక్కపక్కన పెట్టి చూశాడు. ఒకే రకం ఆలోచన, ఒకే రకం పదాలు. దీన్నిబట్టి ఆ వ్యాఖ్యానం, మూడో శతాబ్దపు తత్వవేత్త ప్లొటైనస్ శిష్యుడు పోర్ఫిరీదేనని 1961లో వాదించాడు. 1968లో వచ్చిన ఆయన సిద్ధాంత గ్రంథం 'పోర్ఫిరీ, విక్టరీనస్' దీన్ని రెండు సంపుటాల్లో నిలబెట్టింది.

ఆ తునకల్లో ఏముందో ఒక్కసారి దగ్గరగా చూద్దాం. మిగతా అంతటికీ తాళంచెవి ఇక్కడే ఉంది. ప్లేటో సంభాషణలో ఒక మాట వస్తుంది: 'ఒకటి' అనేది ఉంటే, దానికి 'ఉనికి'లో పాలు ఉండాలి కదా. ప్లేటో వరకూ ఇది తర్కంలో ఒక మెట్టు మాత్రమే. ప్లొటైనస్ దారిలో నడిచిన నవ్య ప్లేటోవాదులకు ఆ సంభాషణ వేదవాక్కు లాంటిది, అందులో ప్రతి మాటకూ గూఢార్థం ఉండి తీరాలి. వాళ్ల లెక్కలో ఇక్కడ చెప్పిన 'ఒకటి' రెండో తత్వం, అంటే అన్నిటికీ మూలమైన మొదటిదాని నుంచి పుట్టినది. అది ఉనికిలో పాలు పంచుకుంటోందంటే, ఆ ఉనికి దానికంటే ముందుదై ఉండాలి. రెండో తత్వానికి ముందున్నది మొదటి తత్వమే. అయితే మొదటి తత్వం ఏ వస్తువూ కాదు, ఏ పేరుకూ అందదు. కాబట్టి అది 'ఉన్న వస్తువు' కాకూడదు, ఊరికే 'ఉండటం' కావాలి. కర్త లేదు, రూపం లేదు, ఉండటమనే క్రియ ఒక్కటే. పాశ్చాత్య తత్వశాస్త్రంలో 'ఉన్నది' వేరు, 'ఉండటం' వేరు అనే విభజన ఇంత స్పష్టంగా కనబడటం ఇక్కడే మొదలని హాదో చెప్పాడు. ప్లేటో చెప్పని మాటను ప్లేటోకు అంటగట్టబోతే అది పుట్టింది.

మూలం మీద భాష్యం, భాష్యం మీద టీక రాస్తూ, కొత్త మాట చెప్పినా పాత మాటేనని చెప్పుకునే సంప్రదాయం మనకు బాగా ఎరుక. అలా పొరపాటున అర్థం మారడం కూడా ఒక్కోసారి సృష్టేనని హాదో 1968లో వచ్చిన ఒక వ్యాసంలో వివరించాడు. ఒక ఆలోచన ఎలా పుట్టిందో తెలియాలంటే, ఆ మనిషి ఏ పుస్తకం ముందు కూర్చుని, ఎవరికి పాఠం చెబుతూ, ఏ నియమాలకు లోబడి రాశాడో తెలియాలి. ఊరికే వాక్యాన్ని పీకి తెచ్చి 'ఆయన సిద్ధాంతం ఇదీ' అంటే కుదరదు.

ఇదే ఆలోచన ఇంకో దిక్కు నుంచి కూడా ఆయనకు అందింది. 1959 ప్రాంతంలో పారిస్‌లో, భాష గురించి ఆలోచించిన తత్వవేత్త విట్‌గెన్‌స్టైన్ గురించి మాట్లాడేవాళ్లు వేళ్ల మీద లెక్కపెట్టేంతమందే. హాదో ఆయన మీద ఉపన్యాసాలిచ్చాడు, వ్యాసాలు రాశాడు. మాటకు అర్థం ఆ మాటతో చేస్తున్న పనిలోనే ఉందనే విట్‌గెన్‌స్టైన్ వాదన ఆయనకు పట్టుబడింది. 'దేవుడు చచ్చిపోయాడు' అని పండగలో పాడే భక్తుడి మాట వేరు, అదే మాటను తత్వవేత్త రాస్తే వేరు. ప్రాచీన తత్వగ్రంథాలను ఆ వెలుగులో చూస్తే, ఎదుటి మనిషిని ఓదార్చేది ఒకటి, శిష్యుణ్ణి మందలించేది ఒకటి, తనకు తాను చెప్పుకునేది ఇంకొకటి. అన్నిటినీ ఒకే రకం ప్రకటనలుగా చదివితే అవి ఒకదానితో ఒకటి కొట్టుకుంటున్నట్టే ఉంటాయి మరి.

1964లో హాదో పారిస్‌లోని ఉన్నత అధ్యయన సంస్థలో, మతశాస్త్రాల విభాగంలో, లాటిన్ చర్చి పితరుల, అంటే తొలి కాలపు క్రైస్తవ గ్రంథకర్తల పీఠానికి ఎన్నికయ్యాడు. తర్వాత ఆ పీఠం పేరునే మార్పించి గ్రీకు మతతత్వాలు, ప్రాచీన యుగం చివరి కాలపు మార్మిక ధోరణులు అందులో చేరేలా చేశాడు. అదే కాలంలో పరిచయమైన జర్మన్ పండితురాలు ఇల్‌జెట్రాట్‌ను 1966లో పెళ్లి చేసుకున్నాడు. రోమన్ తత్వవేత్త సెనెకా తన శిష్యుడికి మనసును ఎలా నడిపించుకోవాలో నేర్పిన తీరు మీద ఆమె పరిశోధన. హాదో ఆలోచన ఈ వైపు తిరగడంలో ఆమె పాత్రను చిన్నది చేయకూడదు.

1977లో ఆ సంస్థ వార్షిక సంచికలో 'ఆధ్యాత్మిక సాధనలు' అనే వ్యాసం వచ్చింది. ఆ పేరు వినగానే ఫ్రెంచి పాఠకుడికి గుర్తొచ్చేది, అదే పేరుతో పుస్తకం రాసిన పదహారో శతాబ్దపు క్రైస్తవ గురువు ఇగ్నేషియస్ లొయోలా. హాదో ఆ వరసను తిరగేశాడు. క్రైస్తవ మఠాల్లో ఉన్న సాధనలు గ్రీకు తత్వవేత్తల నుంచి వచ్చాయన్నాడు. గ్రీకులో 'అస్కేసిస్' అంటే ఒళ్లు హింసించుకోవడం కాదు, అభ్యాసం. కుస్తీ పట్టేవాడు ఒంటికి చేసేది తత్వవేత్త మనసుకు చేసేవాడు. ప్లేటో సంభాషణల గురించి పండితుడు విక్టర్ గోల్డ్‌ష్మిట్ చెప్పిన మాటను హాదో ఇష్టంగా వాడుకునేవాడు. వాటి ఉద్దేశం సమాచారం అందించడం కాదు, మనిషిని తీర్చిదిద్దడం.

ఇప్పుడు చక్రవర్తి దగ్గరకు తిరిగి వెళ్దాం. ఆ పుస్తకంలో ఒక భాగానికి 'క్వాడీల దేశంలో, గ్రాన్ నది ఒడ్డున' అనీ, ఇంకొకదానికి 'కార్నుంటుంలో' అనీ శీర్షిక ఉంది. అవి యుద్ధశిబిరాలు. ఏడో భాగంలో ఒకచోట ఇలా ఉంటుంది: ఎక్కడైనా ఎప్పుడైనా నీ చేతిలో ఉన్నవి ఇవీ, ఇప్పుడు జరుగుతున్నదాన్ని భక్తితో ఒప్పుకోవడం, ఇప్పుడు ఎదురుగా ఉన్న మనుషులతో న్యాయంగా ఉండటం, ఇప్పుడు మనసుకు తోచినదాన్ని పరీక్షించి గానీ లోపలికి రానివ్వకపోవడం. మొత్తం పుస్తకానికి ఇది తాళంచెవి అన్నాడు హాదో. ఈ మూడూ స్టోయిక్ గురువు ఎపిక్టీటస్ నేర్పిన మూడు అభ్యాసాలే. కోరిక మీద ఒకటి, పని మీద ఒకటి, మనసుకు తోచినదాన్ని నిజమని ఒప్పుకోవడం మీద ఒకటి. ఈ మూడు దారాలు పట్టుకుని చదివితే చెల్లాచెదురుగా కనిపించిన వాక్యాలు గుంపులుగా చేరతాయి. నత్త నెత్తురు, చచ్చిన చేప అన్నవి మూడో అభ్యాసం. వస్తువు మీద మనం పూసిన విలువను తుడిచేసి, వస్తువును వస్తువుగా చూడటం. అది దిగులు కాదు. అణువుల మాటా అంతే. లోకం దైవబుద్ధితో నడిచినా, అణువులతో నడిచినా నేను చేయాల్సింది మారదని తనకు తాను గట్టిగా చెప్పుకోవడం. అక్కడ ఆయన సిద్ధాంతం మార్చుకోలేదు.

1977 నాటి ఆ వ్యాసాన్ని శ్రద్ధగా చదివినవాళ్లలో ఫ్రెంచి తత్వవేత్త మిషెల్ ఫూకో ఒకడు. పారిస్‌లోని పేరున్న విద్యాసంస్థ కొలేజ్ ద ఫ్రాన్స్‌లో పీఠానికి పోటీ చేయమని 1980లో హాదోను అడిగింది ఆయనే. 1982లో హాదో ఎన్నికయ్యాడు, 1983 ఫిబ్రవరిలో తొలి ఉపన్యాసం ఇచ్చాడు, 1991 దాకా అక్కడే ఉన్నాడు. ఫూకో తన చివరి పుస్తకాల్లో హాదోను గౌరవంగా ప్రస్తావించాడు. ఇద్దరూ కూర్చుని తేల్చుకోవాల్సిన తేడాలు ఉండగానే 1984లో ఫూకో చనిపోయాడు.

ఆ తేడా చిన్నది కాదు. ఫూకో ఈ సాధనలను మనిషి తనను తాను ఒక కళాఖండంగా మలచుకోవడంగా చూశాడు. హాదో ఒప్పుకోలేదు. సెనెకా ఒక ఉత్తరంలో చెప్పిన ఆనందాన్ని ఫూకో ఒక రకం సుఖంగా లెక్కేశాడు. స్టోయిక్కులకు సుఖం వేరు, ఆనందం వేరు. సెనెకా ఆనందం వెతుక్కున్నది తనలో కాదు, తనలోని ఉత్తమ భాగంలో. ఆ ఉత్తమ భాగం అంటే లోకమంతా నిండిన బుద్ధిలో ఒక పాలు. అంటే సాధన మనిషిని తన దగ్గరే ఆపేయదు, తన్ను దాటిస్తుంది. రాన్స్ వీధిలో నక్షత్రాల కింద నిలబడ్డ కుర్రాడు ఈ వాదనలో నాకు కనిపిస్తాడు. ఈ విషయంలో నేను హాదో పక్షమే. ఇవాళ స్టోయిసిజం పేరుతో అమ్ముడవుతున్నదాంట్లో 'నేను, నా ప్రశాంతత, నా విజయం' తప్ప లోకం ఊసే లేదు. మార్కస్ పుస్తకంలో అడుగడుగునా ఉన్నది తోటి మనిషి.

హాదో మీద బలమైన విమర్శ లేకపోలేదు. ప్రిన్స్‌టన్ తత్వవేత్త జాన్ కూపర్ 2012లో, గ్రీకుల దృష్టిలో మనిషిని మార్చేది తర్కమేననీ, వాదించి తెలుసుకోవడమే వాళ్ల బతుకు తీరనీ రాశాడు. ధ్యానం, ఆత్మపరీక్ష వంటివి ప్రాచీన యుగం చివర్లో వచ్చిన ధోరణులు, వాటిని సోక్రటీస్ దాకా వెనక్కి లాగకూడదని ఆయన అభ్యంతరం. ఇందులో నిజం ఉంది. హాదో కన్ను తయారైంది మూడో, నాలుగో శతాబ్దాల గ్రంథాల మీద. పోర్ఫిరీ తన గురువు ప్లొటైనస్ రచనలను కాలక్రమంలో కాక, తొమ్మిదేసి చొప్పున ఆరు భాగాలుగా పేర్చాడు. నీతితో మొదలుపెట్టి, మెట్టు మెట్టుగా ఎక్కి, చివర 'ఒకటి' దగ్గర ముగించాడు. చదవడమే ఒక ఆరోహణ అన్నమాట. అలాంటి పుస్తకాల మధ్య ఇరవై ఏళ్లు గడిపినవాడు సోక్రటీస్‌లో కూడా సాధనను చూస్తాడు. అదే కన్ను మార్కస్‌ను చదవగలిగింది, అదే కన్ను అరిస్టాటిల్ వాదాల పదును మీద కొంచెం తక్కువగా నిలిచింది.

'సాధన' అనే తెలుగు మాట ఈ వ్యాసంలో ఎంత తేలిగ్గా ఒదిగిపోయిందో గమనించే ఉంటారు. దాన్ని చూసి, ఇదంతా మనకు ఎప్పుడో తెలుసు అనేయాలనిపిస్తుంది. హాదో ఇలాంటి పోలికలను చాలాకాలం అనుమానించాడు, అవి గందరగోళం తెస్తాయన్నాడు. ముసలితనంలో రాసిన ప్రాచీన తత్వశాస్త్ర చరిత్రలో మాత్రం, ఆసియా చింతనకూ గ్రీకు చింతనకూ మధ్య కొట్టొచ్చినట్టు కనిపించే పోలికలు ఉన్నాయని ఒప్పుకున్నాడు. ఒకరి నుంచి ఒకరు తీసుకున్నారని మాత్రం ఆయన అనలేదు.

ఆ ఒప్పుకోగల గుణమే 1996లో ఇంకోసారి కనిపించింది. ఈజిప్టులోని నాగ్ హమ్మాది దగ్గర 1945లో దొరికిన, కాప్టిక్ అనే పాత ఈజిప్టు భాషలోని పుస్తకాల్లో 'జొస్ట్రియానోస్' ఒకటి. విక్టరీనస్ వాక్యాలు కొన్ని దానితో దాదాపు మాటకు మాట సరిపోతున్నాయని పండితుడు మిషెల్ తార్ద్యూ కనిపెట్టాడు. ఆ పేరుగల పుస్తకం ప్లొటైనస్ బడిలోనే చర్చకు వచ్చిందని పోర్ఫిరీ స్వయంగా రాశాడు. అంటే విక్టరీనస్ వాడుకున్న సరుకులో కొంత పోర్ఫిరీ కలం పట్టకముందే ఉండి ఉండాలి. ముప్పై ఏళ్లుగా నిలిచిన హాదో వాదనకు ఇది పునాదుల దగ్గర తగిలే దెబ్బ. తార్ద్యూ పరిశోధన అచ్చయిన సంపుటంలోనే, దాని పక్కనే, హాదో వ్యాసం కూడా ఉంది. పేరు 'పోర్ఫిరీ, విక్టరీనస్: ప్రశ్నలు, ఊహలు'. అప్పటికి ఆయనకు డెబ్బై నాలుగేళ్లు. తాను కట్టినదాన్ని కొత్త ఆధారం ముందు పెట్టి మళ్లీ మొదటి నుంచి పరీక్షించాడు. ఆయన 2010లో చనిపోయాడు. ట్యూరిన్‌లో కాలిపోయిన ఆ వ్యాఖ్యానం ఎవరిదన్న వాదం ఇంకా నడుస్తూనే ఉంది.